సుట్టూరి మొల

"తాతా, గీ పలక మీద చక్రమేంది? దాంట్ల గీ మొలేంది?"

ముట్టకు బిడ్డా. అంటే... ముట్టు, మొలను మాత్రం కదపకు. దాని ముచ్చట తారీఖుతోనే మొదలువెట్టాలె. 1964 జనవరి 20, సోమవారం. నాలుగు దినాల సంది పట్టిన పొగమంచు ఆ పొద్దుగాల ఎంత కమ్మిందంటే బండి మీద కూసున్నోనికి తన ఎడ్ల కొమ్ములే కనవడలే. తొమ్మిది కొట్టంగనే మంచు ఇచ్చుకపోయి చురచుర ఎండ. నేనప్పుడు నిజామాబాద్‌ల బీఏ చదువుతున్న, ఇరవై ఏండ్లు. కాదు కాదు, ఇరవై ఒకటి. సెలవుకు మా ఊరు ఎడపల్లి వచ్చిన.

ఈ పలక మా బాపుది. చెరుకు బండికి పక్కన కట్టేటిది. బోధన్‌ల చక్కెర ఫ్యాక్టరీ గేటు ముంగట బండ్లు లైను కట్టి పూటలకు పూటలు ఆగేటియి, నీకెరికే గద. నీకెట్ల ఎరికైతది లే! ఆ లైన్ల బాపు ఒక దేశం కథ చెప్పేటోడు. సుట్టూరు దాని పేరు. అంత ఆయన కల్పించిందే. ఆ దేశంల నాలుగే ఏండ్లు, అవే సుట్టు తిరుగుతయి. నీళ్ల ఏడు, తీపి ఏడు, పురుగు ఏడు, మూగ ఏడు. పోయిన పురుగేట్ల ఏమైందో మళ్లొచ్చే పురుగేట్ల గదే అయితది. ఒకడు బండి మీదికెల్లి పడ్డడనుకో, మళ్ల గదే దినం, గదే మూల మీద పడుతడు. ఆపరాదు. అందుకని ఊరంత వచ్చి ఆ మూల మీద గడ్డి పరుస్తరు. పడేటోడు పడుతడు గని ఎముక ఇరగది. బండ్లోళ్లు చాయ్ తాగుకుంట ఇంటుండిరి. నయాపైసలొచ్చి ఏండ్లయినా చాయ్ మేం అణాల లెక్కనే అడిగేది. ఏం చెప్తున్న? ఆఁ, మొల.

చక్రంల ఏటికొకటి నాలుగు తొర్రలున్నయి, చూడు. ఉగాదికొక్కసారి బాపు మొల పీకి ముంగటి తొర్రల గుచ్చేటోడు. అరవై మూడుల ఉగాది రాకముందే ఆయనకు పక్షవాతం వచ్చింది. కుడిచెయ్యి పోయింది, నోరు పోయింది. పలకను మంచం పక్కన పెట్టినం. ఆ ఉగాది సాయంత్రం నేను బస్సు దిగి వచ్చేసరికి అన్న పొలం కాడున్నడు. అన్నకు చెరుకు తప్ప కథలెక్కడియి అనుకొని, బాపు సంబురపడుతడని మొల నేనే జరిపిన. బాపు ఎడమచెయ్యి ఊపిండు, ఏందో అనవోయిండు. సంబురమే అనుకున్న. ఎవ్వరికి చెప్పలే, చెప్పేటంత ముచ్చటనా అది?

ఇగ ఆ సోమవారం. నేను ఇల్లు చేరేసరికి మా పోశెట్టన్న ఎకరం చెరుకు కొట్టిచ్చిండు. కొట్టమని ఫ్యాక్టరీ చీటి వచ్చేది ఫిబ్రవరి ఆఖరుకు. చీటి లేనిది తూకం లేదు, కొట్టిన చెరుకు ఎండకు దినదినం రసం గుంజుకపోతది. ఏడాది కష్టం. ఆరు బండ్లు గేటు కాడ, మిగిలింది నేల మీద. నేను ఉరికిన.

గేటు కాడ చీటీలు చూసేటాయన అంటున్నడు, "పటేలా, బండ్లు పక్కకు తియ్యి. ఎన్నిసార్లు చెప్పాలె?"

వర్ని ఊరి సాయిలు అని ఒక బండాయన నవ్విండు. "ఏం పోశెట్టీ, సుట్టూరు గేటనుకొని వచ్చినవా?"

అన్న నవ్వలే. నన్ను చెయ్యి పట్టి చెట్టు పక్కకు గుంజిండు. "తమ్మీ, నువ్వు చదువుకున్నోనివి, నవ్వకు. ఉగాది పొద్దుగాల నేను మొల తీపి ఏట్ల గుచ్చిన. పొలం నుంచి వచ్చి చూస్తే పురుగు ఏట్ల ఉన్నది. బాపే ఎడమచేత్తోని జరిపిండు. నోరు లేకున్నా నాకు చెప్పిండు. పురుగేట్ల మంచు పట్టినంక చెరుకు లోపలికెల్లి డొల్లయితదని బాపు ఎన్నిసార్లు చెప్పలే? నిన్న ఒక గడ చీల్చి చూసిన, ఎర్ర తొర్ర ఉన్నది. ఆగుతనా ఇగ?"

ఎర్ర తొర్ర ప్రతి తోటల ఒకటి రెండు గడలకు ఉంటది. "అన్నా, నేనే" అనాలె. రెండే మాటలు. అన్న కండ్లల్ల చూసి అనలేకపోయిన.

ఎండ ఎక్కుతున్నది. చెరుకు ఆకులు చుట్టుకపోతున్నయి. అప్పుడు గా సాయిలే బండి దిగి, మా చెరుకు రెండు మోపులు తన బండి మీద ఏసుకున్నడు. "ఏంరా చూస్తున్నరు? గిన్నేండ్లు వాళ్ల బాపు కథలు ఇన్నం. గడ్డి పరువరా?" అన్నడు. ఎనుక చందూరు ఊరోళ్లు, ఇంక ఎవరెవరో, చీటి ఉన్న ప్రతి బండి రెండేసి మోపులు. పొద్దు గుంకేసరికి ఆరు బండ్లు ఖాళీ. నేల మీద ఉన్నది గానుగకు పోయింది, సగం ఎండి. డొల్లయిన గడలు మాత్రం ఏరినా దొరకలే.

ఇంటికొచ్చి అన్న మంచం కాడ నిలవడ్డడు. "బాపూ, ఎందుకు జరిపినవే?" అని అడిగిండు. బాపు అన్న దిక్కు చూడలే. నా దిక్కు చూసిండు. చూసి, చూసి, కండ్లు మూసుకున్నడు. నేను తలకాయ వంచుకున్న. అప్పుడన్నా చెప్తే అయిపోతుండె.

ఆ వానకాలంల బాపు పోయిండు. భూమిల అన్నకు రెండెకరాలు, నాకు ఎకరం. మా అక్కకు ఎడ్లు, బండి. పలక ఎవ్వలు అడగలే, నేను తెచ్చుకున్న. ఇప్పుడది నీది బిడ్డా, సల్లగుండు. మొల జరిపిననాడు ఇంట్ల అందరికి చెప్పు. గేటు కాడ ఎండల కూసోని కథలన్ని ఇన్నది అన్ననే, నేను పుస్తకాలల్ల ఉంటి. బాపు తనను మోసం చేసిండనుకుంటనే పోయిండు అన్న, పిల్లలకు ఒక్కనాడు ఆ దేశం పేరు చెప్పలే. భూమి దక్కింది గని, సుట్టూరుల ఆయనకు జానెడు జాగ దక్కలే.