ఫ్రాన్సామె సావుతానం

తిమ్మాజిపేటల అత్తాకోడండ్లు వాకిట్ల కూసోని పల్లికాయ ఒలుస్తుండ్రు. కోడలు నడుమ నడుమ ఫోన్ జూస్తుంది.

“అత్తమ్మా, మనం తెలుగుల జూసే ఫ్రాన్సు సీరియల్ లేదా? అండ్ల డాక్టరమ్మ ఏషమేసినామె సచ్చిపోయిందంట.”

“ఆమె సావంది ఎప్పుడు? సినిమాల హీరోయిన్ ఎన్క నిలవడి ఏట్ల కొట్టుకపాయె, టీవీల విషం తాగె. సచ్చినప్పుడల్ల నేను తలకు వోసుకుంటి.”

“గవి ఉత్తుత్తి సావులు. ఇది నిజం. పేపరోళ్లు గూడ హీరోయిన్ ఫోటోనే పెద్దగ ఏసిండ్రు. ఈమె ఎన్క మసకగ ఉంది.”

“సచ్చినంక గూడ ముంగటికి రానియ్యరా ముండకొడుకులు?”

అత్త ఒడిలున్న పొట్టు దులుపుకొని లేసింది.

“నీళ్లు కాగవెట్టు, తలకు వోసుకుంట.”

“మల్లనా? ఆమె మనకేం సుట్టం?”

“ఉత్తుత్తి సావులకే వోసుకుంటి గద. గిప్పుడు వోసుకోకుంటె, ఆమె ‘ఈసారి నేను సరిగ్గ సావలేదేమో’ అనుకుంటది.”