అత్తగార్లను బయట కూర్చోబెట్టిన డాక్టరమ్మ

1996 జూన్ 17వ తేదీన రొద్దం ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో వైద్యాధికారిణిగా బాధ్యతలు స్వీకరించిన డాక్టర్ హనుమక్క గారు, అటుపిమ్మట పెనుకొండ, ధర్మవరం, హిందూపురం ప్రభుత్వ ఆసుపత్రులలో శస్త్రవైద్యురాలిగా అశేష ప్రజల మన్ననలందుకొని, ఈ జూలై నెలాఖరున పదవీ విరమణ చేస్తున్న సందర్భంలో, వారితో అందరికంటే ఎక్కువ కాలం పనిచేసి, అందరికంటే ఎక్కువ చీవాట్లు తిన్న హెడ్ నర్సుగా నాలుగు మాటలు రాసే భాగ్యం నాకు దక్కింది.

రొద్దంలో పురుళ్లు, పాముకాట్లు, కొడవలి గాయాలతో వారి వృత్తిజీవితం ఆరంభమైంది. శస్త్రచికిత్సలో ఉన్నత విద్య పూర్తిచేసుకొని పెనుకొండకు వచ్చిన నాటి నుండి నేను వారి వద్ద ఉన్నాను. రోగిని పరీక్షించేటప్పుడు బంధువులెవరూ గదిలో ఉండరాదన్నది వారి నియమం. మన సీమలో ఒకరికి జబ్బు చేస్తే ఆటో నిండా జనం వస్తారు, రోగి తప్ప అందరూ మాట్లాడతారు. బయటికి పొమ్మన్నందుకు అలిగి వెళ్లిన పెద్దమనుషులను బుజ్జగించే పని మాత్రం ఎప్పుడూ నా నెత్తినే పడేది.

ఆ నియమం విలువ నాకు ధర్మవరంలో తెలిసింది. ఈ సంగతిని యల్లక్క అనుమతితోనే రాస్తున్నాను. "రాయండి మేడమ్, నలుగురికీ తెలుస్తాది" అన్నది ఆమే.

ఒక శ్రావణమాసం చివర, పట్టుచీరలు నేసే ఇంటి కోడలు యల్లక్కను కడుపునొప్పితో తీసుకొచ్చారు. బొడ్డు తప్పిందని ఇంట్లో ఆముదం రాసి తోమించారట. నొప్పి తగ్గకపోగా వాంతులు మొదలయ్యాయి. మంచం మీద మెలికలు తిరిగిపోతున్న ఆ పిల్ల పొట్ట, చేత్తో నొక్కి చూస్తే మెత్తగానే ఉంది. స్కానింగులో గ్యాసు తప్ప ఏమీ కనిపించలేదు. ఏ ప్రశ్న అడిగినా, కోడల్ని వదలకుండా లోపలికొచ్చేసిన అత్తగారు సిద్దమ్మే జవాబు చెబుతోంది. ఇంత నొప్పికి ఇంత మెత్తని పొట్ట ఏమిటని మా మేడమ్ ముఖం గంభీరమైంది. సిద్దమ్మను బయట కూర్చోబెట్టి తలుపు వేయించారు.

మాత్రలేమైనా వాడుతున్నావా అని అడిగితే యల్లక్క లేదని తల తిప్పింది. మేడమ్ ఆమె పక్కనే కూర్చొని, తమ పెళ్లి సమయంలో నెలసరి వస్తుందేమోనన్న భయంతో, వైద్యవిద్య చదువుతూ కూడా, తామూ మాత్రలు మింగిన సంగతి చెప్పారు. ఇన్నేళ్ల స్నేహంలో నాకే చెప్పని మాట అది. అప్పుడు ఆ పిల్ల ఏడ్చింది.

"వరలక్ష్మీ వ్రతం ఉండె, మరిది నిశ్చితార్థం ఉండాది, కొత్తింట్లో చేరేది ఉండాది. ముట్టయితే అన్నీ ఆగిపోతాయని నెలంతా మింగుతాండా మేడమ్. ఇంట్లో ఎవురికీ తెలీదు."

ఆ మాత్రల వల్ల కొందరిలో రక్తం గడ్డకట్టే ప్రమాదం ఉంది. పేగుల నుండి రక్తాన్ని తీసుకుపోయే సిరల్లో గడ్డలు చేరితే, ఆలస్యమయ్యే కొద్దీ పేగు కుళ్లి ప్రాణం పోతుంది. మేడమ్ వెంటనే తామే అంబులెన్సులో ఆమెతో అనంతపురం వెళ్లి, రక్తనాళాలు కనిపించే స్కానింగు చేయించారు. అనుమానించినట్లే సిరల్లో గడ్డలున్నాయి, కానీ పేగు ఇంకా బతికే ఉంది. రక్తం పలుచబడే ఇంజెక్షన్లతోనే గండం గడిచింది. కత్తి పట్టిన చేతికి కత్తితో పనిలేకపోయిన ఆ రోజు మేడమ్ కళ్లలో నీళ్లు చూశాను. నాకూ ఆగలేదు.

సిద్దమ్మను వారు ఒక్క మాటా అనలేదు. యల్లక్క ఒప్పుకున్నాక జరిగింది వివరించి, ఇకపై ఆ మాత్రలు ఆమె ముట్టకూడదని మాత్రం చెప్పారు. మరుసటి శ్రావణంలో సిద్దమ్మ మమ్మల్ని తాంబూలానికి పిలవడానికి వచ్చినప్పుడు, కోడలికి నెలసరి వచ్చిందని వ్రతం ఒక వారం వాయిదా వేశామని తనే చెప్పింది. "అమ్మవారికి శుక్రవారాలు ఇంకా ఉండాయి మేడమ్. నాకుండేది ఒక్క కోడలు" అన్నది.

ఆ తరువాత హిందూపురంలోనూ మేడమ్ అదే నియమాన్ని పాటించారు, యువ వైద్యులకూ నేర్పారు. పొగడ్తలు వారికి గిట్టవు, ఇది చదివి నన్ను మళ్లీ కోప్పడతారని తెలుసు. అయినా వారు లేని ఆసుపత్రిని తలచుకుంటే నాకు దిగులుగా ఉందని చెప్పక తప్పదు.

డాక్టర్ హనుమక్క గారు ఆయురారోగ్యాలతో, కంటినిండా నిద్రతో, కుటుంబసభ్యుల నడుమ నిండు నూరేళ్లు వర్ధిల్లాలని సహోద్యోగులందరి తరఫున మనసారా కోరుకుంటున్నాను. రాబోయే శ్రావణంలో వారి పేరున తమ ఇంట పూజ చేయిస్తామని సిద్దమ్మ కబురు పంపింది. ఏ రోజని ఫోనులో అడిగాను.

"నాకేం తెలుసు మేడమ్. యా శుక్రవారమో కోడల్ని అడిగి చెప్తా" అన్నది.

— బి. సుమ, హెడ్ నర్సు