చచ్చినాయన కంట్లో వెలుగు

కాదప్పా, బెర్లిన్ నుంచి మొదలుపెడితే హెల్మూట్ దొర కథ నీకెట్ల అర్థమవుతాది? మద్రాసు నుంచి ఇంత దూరం వచ్చినావు, సరిగ్గా రాసుకో. 1961 మే 14, ఆదివారం. బళ్లారిలో నూట ఎనిమిది డిగ్రీల ఎండ. ఆకు కదల్లే. ఆకాశంలో ఒకే ఒక మబ్బు.

ఆ పొద్దు తెల్లారేసరికి మా అన్న కేశవమూర్తి పోయినాడు. పత్తి వ్యాపారం. పిల్లల్లేరు. వదిన పద్మావతమ్మ తెక్కలకోటలో, పుట్టింట్లో ఉండాది.

వీలునామానా? ఆయన యాడ రాసినాడు! నేనే రాసినా, అంగడి తమ్మునికి అని. వేలు చల్లబడకముందే ముద్ర కూడా వేయించినా. బి.ఏ. చదివినోణ్ణి, సుమ్నె, ఉత్తినే కాదు! ఇంక ఒకటే కావల్ల. మధ్యాహ్నం దాకా అన్న బతికుండి, ముద్ర తానే వేసినాడని సాక్ష్యం.

హెల్మూట్ దొర గుర్తొచ్చినాడు. బొంబాయి సినిమాల్లో హీరోయిన్ల ముఖాలకు వెలుగు పెట్టినోడు కదా! యుద్ధంలో జర్మనీవాడని క్యాంపులో పెట్టిరి. వదిలినాక, ఆమేల హంపిలో సినిమా ఔట్‌డోరు తీయను వచ్చి, మెత్తని వెలుగుకు మబ్బు రావల్లని పందొమ్మిది దినాలు కూచున్నాడు. ఈ సీమలో, మబ్బు కోసం! నిర్మాత చెప్పకుండా రైలెక్కె. దొర ఈడనే మిగిలిపోయి బజారులో స్టూడియో పెట్టుకునె.

ఏం తీస్తాడు? పెండ్లిండ్లు, పీనుగులు. పోయినోళ్ళను కుర్చీలో కూచోబెట్టి కడాసారి ఫోటో తీయిస్తారు కదప్పా మావాళ్ళు, అది. దానికీ మబ్బు కోసం కాచుకుంటాండె. పాడె మోసేవాళ్ళు తిట్టిపోస్తాండ్రి.

"దొరా, ఎంతసేపైనా తీసుకో. చూసినోళ్ళు బతికుండాడు అనుకోవల్ల" అన్నా.

ముసలాయన ముఖం ఎట్ల వెలిగెనంటావు! పన్నెండేండ్లలో ఆ మాట అన్నోడే లేడంట. అన్న కండ్లలో గ్లిజరిన్ చుక్కలు వేసె. కిటికీ ఎండను అద్దంతో తిప్పె. ఆ ఒక్క మబ్బు సూర్యుని మీదికి వచ్చేదాకా గంటన్నర ఆగె. ఫోటోలో మా అన్న పత్తి ధర అడిగేటట్ల ఉండాడు!

వదిన కేసు వేసె. జడ్జి ఫోటో చూసినాడు. అన్న కుర్చీలో, చేతిలో వీలునామా, గోడ మీద పన్నెండు గంటలు. అనుమానమే రాలా. "మామూలు స్టూడియో ఫోటోనే, దీంట్లో ఏముండాది?" అని పక్కనపెట్టినాడు. అంగడి నాదైపోయిందే అనుకుంటి!

ఫోటో తీసినోడని సాక్షికి పిలిపించింటిరి, బోనులో ఉన్న దొర ముఖం ఎర్రగాయె.

"మామూలా? బతికినోణ్ణి ఎవడైనా తీస్తాడు! ఈ మనిషి చచ్చి ఏడు గంటలు. ఆ కంట్లో వెలుగు నాది!"

ఏమప్పా, నవ్వుతావు? నా కొంప మునిగె, నీకు నవ్వు!

అంగడి వదినకు పోయె. పోయినేడు దొర పోతే, ఆయనకు వండిపెట్టిన పక్కీరమ్మకు కెమెరా పెట్టె వచ్చె. ఇప్పుడు దాంట్లో కోడి పొదుగుతాంది. ఫోటో కోర్టు పెట్టుకునె. నాకా? ఏడాదిన్నర జైలు. ఇంకేమీ లేదు.

ఒక మాట, ఇది మాత్రం రాయొద్దు. ఆ ఫోటోలో అన్న తల వాలిపోకుండా వెనక పట్టుకున్న చెయ్యి నాది. గంటన్నర పట్టుకున్నా, తిమ్మిరెక్కె. దొర దాని మీద నీడ వేసినాడు. జైలు నుంచి వచ్చినాక కోర్టులో బతిమాలి ఒకసారి చూసినా. నా చెయ్యి యాడుండాదో నాకే కనపడలా.

అన్న మాత్రం బతికే ఉండాడప్పా.