ఆవు మందు చెట్లు

బెయిలు దొరికిన నాయన మాలూరు కోర్టు మెట్ల మీద తువ్వాలుతో ముఖం కప్పుకుని కూర్చున్నాడు. పక్కనే కూతురు, ఒళ్లో కాలేజీ సంచీ.

"రెండు గంజాయి చెట్లే కదా నాయనా, అదీ ఆవు కడుపుబ్బరానికి. కెనడాలో ఇంట్లోనే పెంచుకోవచ్చంట."

"మనది టేకల్ గదమ్మా."

"కంచె కాడ ఉమ్మెత్త ఉండాది. అది తింటే మనిషే చస్తాడు. దాన్ని ఎవురూ అడగరు."

"ఉమ్మెత్తను చూసి ఊర్లో ఎవురూ తలుపేసుకోరులే. నన్ను చూసి ఏసుకుంటా ఉండారు."

ఆమె తల వంచుకుంది.

"నాయనా, పోలీసోళ్లకు ఎట్ల తెలిసిందంటే..."

"తెలిసింది గదా, వదిలెయ్. ఇంగ 'మా ఆవు డాక్టరు' అని ఫోన్‌లో అందరికీ కనబడేట్టు పెట్టినావే, ఆ చెట్ల ఫోటో తీసెయ్. మీయమ్మ చూడకముందే."