తొంభై ఒకటో స్థానంలో బిస్కెట్లాయన

రామ్మా, ఆ స్టూలు మీద వద్దు, దాని కాలొకటి మన మాట వినదు, ఇలా బెంచీ మీదకి రా. మావాడు ఆ ఇద్దరి తలలూ అయితే గానీ ఇటు తిరగడు. ఆ రేడియో మోతలో మన మాటలు వాడికి వినపడవు కూడాను, అదీ మంచిదే. ఏదీ, ఇంకోసారి చెప్పు. మీ పత్రికవాళ్ళు ఏటేటా వేసే జాబితా, దేశంలో నూరుగురు ధనవంతులు, యాభై ఏళ్ళవీ ముందేసుకుని ఎవరు ఏ ఏడు ఎక్కడున్నారో వరసలు కట్టావు. బాగుంది. కొందరు పైకి పోయారు, కొందరు మెట్టు మెట్టూ దిగారు. ఒక్క పేరు మాత్రం ఏడో ఏట తొంభై ఒకటో చోట వచ్చింది, మళ్ళీ కనపడలేదు. "దివాలా తీశాడా తాతగారూ, మీకు తెలుసటగా" అంటావు. ఎవరు చెప్పారమ్మా నాకు తెలుసని? పక్క మందుల షాపువాడేనా? వాడి నోట్లో నువ్వుగింజ నానదు. తెలుసులే. ఎందుకు తెలీదు! నలభై మూడేళ్ళయింది. ఇన్నేళ్ళలో నన్ను ఈ మాట అడిగినవాళ్ళు ఇద్దరే, ఒకరు నువ్వు. రెండో ఆయన సంగతికి వస్తాను, తొందరపడకు.

బిస్కెట్లాయన అనేవాళ్ళం. ఈ వీధి చివర ఇప్పుడు టైర్ల గోడౌన్ ఉంది చూశావూ, అదే ఆయన ఫ్యాక్టరీ. పొద్దున్నే మొదటి వాయి దిగితే వీధంతా వాసన, ఆ వాసనకే మేము షాపు తలుపులు తీసేవాళ్ళం. మనిషి పొడుగు, కొంచెం వంగి నడుస్తాడు, కనుబొమల మీద ఎప్పుడూ ఇంత పిండి. ఒకసారి ఏమైందంటే, ఎవరో బిస్కెట్ పొట్లంలో వెంట్రుక వచ్చిందని ఉత్తరం రాసి, దానికి ఆ వెంట్రుక అంటించి మరీ పంపారు. ఈయన ఆ ఉత్తరం పట్టుకుని సరాసరి నా దగ్గరికొచ్చాడు. "ఏమోయ్, ఇది ఎవరి తలదో చెప్పగలవా?" "అయ్యగారూ, తలని చూసి మనిషిని చెప్పమంటే చెప్తాను గానీ వెంట్రుకని చూసి తలని చెప్పలేనండీ" అన్నాను. నవ్వాడు. ఆ మర్నాడే ఇత్తడి బిళ్ళలు చేయించాడు, ఇంతింత, బొటనవేలి గోరంత. పనివాడు బిళ్ళ తెచ్చి నాకిస్తాడు, నేను కటింగ్ చేస్తాను, నెలాఖరుకి బిళ్ళలన్నీ సంచిలో పోసుకుని పోతే అక్కడి గుమాస్తా పదేసి చొప్పున కుప్పలు పెట్టి లెక్కేస్తాడు, ఆయన చీటీ మీద సంతకం చేస్తాడు, నా డబ్బు నాకొస్తుంది. తలకొకటి అనుకుంటున్నావేమో, కాదు! మనిషికి మూడేసి బిళ్ళలిచ్చాడు. గుమాస్తా గోల పెట్టాడు, "మూడెందుకండీ, ఎవడికైనా మూడు తలలుంటాయా?" అని. "పేను ఫ్యాక్టరీలో పుట్టదోయ్, ఇంట్లో పుడుతుంది. తండ్రి తల ఒక్కటీ శుభ్రం చేసి పిల్లల్ని వదిలేస్తే ఏం లాభం?" అన్నాడాయన. అలా పనివాళ్ళ పిల్లలు, ముసలి తండ్రులు, పెళ్ళి కాని తమ్ముళ్ళు, అందరి తలలూ నా చేతికిందికే వచ్చాయి. ప్యాకింగ్‌లో ఒకడుండేవాడు, తల మీద మచ్చుకి వెంట్రుక లేదు. వాడూ బిళ్ళ తెచ్చి కుర్చీలో కూర్చునేవాడు, "బిళ్ళ ఉంది కదా, మెడ పట్టు" అని! మొత్తం మీద నెలకి ఆరు వందల ముప్పై ఆరు బిళ్ళలు. అప్పుడే మూడుతో భాగించేశావు కదూ? పెదాలు కదిలాయిలే, చూశాను. రెండు వందల పన్నెండు. అంతే ఆ ఫ్యాక్టరీలో జనం.

ఇక మీవాడు. మీ పత్రికలో నీ కుర్చీలో అప్పట్లో కూర్చున్నవాడు, లెక్కలాయన. ఊరూరూ తిరిగేవాడు పాపం. షేర్లున్న కంపెనీల సంగతి కాగితాల్లో దొరుకుతుందట, సొంత ఫ్యాక్టరీల వాళ్ళ సంగతి ఎక్కడా దొరకదట. అందుకని గేటు దగ్గర నిలబడి లారీలు లెక్కపెట్టడం, పాలవాణ్ణి ఎన్ని సీసాలు పోస్తున్నావని అడగడం, ఇదీ ఆయన పని. మనిషి మంచివాడే, అబద్ధం రాసే రకం కాదు. గడ్డం గీయించుకుంటూ, నురగ మొహంతోనే మాట కలిపాడు. "ఈ బిస్కెట్ ఫ్యాక్టరీ పెద్దదేనా?" "చిన్నదని ఎవరన్నారండీ?" అన్నాను. చూడు, అక్కడే మొదలైంది నా రోగం. "ఎంతమంది ఉంటారేం?" "నాకు తెలిసి నెలకి ఆరు వందల ముప్పై ఆరు కటింగ్ బిళ్ళలు వస్తాయండీ అక్కణ్ణించి, నా చేత్తో తీసుకుంటాను, ఒక్కటి ఎక్కువా కాదు తక్కువా కాదు" అన్నాను. ఆయన నురగతోనే లేచి కూర్చున్నాడు. "ఆరు వందలా! అయితే మీ అయ్యగారు నా జాబితాలో ఉండాల్సిన మనిషి!" అని జేబులోంచి చిన్న పుస్తకం తీసి, మనిషికి ఇంత సరుకు, సరుకుకి ఇంత లాభం, లాభానికి ఇన్ని రెట్లు, చకచకా వేసేశాడు. మనిషికి మూడు బిళ్ళలండీ అన్న మాట ఇదిగో ఇక్కడిదాకా వచ్చింది, నాలిక మీదకి. మింగేశాను. ఎందుకంటావా? దేశంలో నూరుగురిలో ఒకడికి నేను క్షవరం చేస్తున్నాను అని చెప్పుకోవచ్చు కదా. ఇంకే కారణం లేదమ్మా. డబ్బిచ్చాడా అంటే గడ్డం డబ్బులే ఇచ్చాడు, చిల్లర కూడా వెనక్కి తీసుకున్నాడు.

పత్రిక వచ్చింది. తొంభై ఒకటి. పక్కనే చిన్న అక్షరాల్లో "ఆరు వందల ముప్పై ఆరు మంది పనివారు" అని. నేను ఆ పేజీ కత్తిరించి అద్దం పక్కన అంటించాను. మూడు రోజులు ఊరేగాననుకో. అయితే సరిగ్గా ఆ నెల్లోనే ఫ్యాక్టరీలో ఒక ఒప్పందం జరిగింది, అది నాకు తెలీదు. పాత ఓవెన్ పాడైంది, ఒక వైపు మాడుతుంది, ఒక వైపు పచ్చిగా ఉంటుంది. కొత్తది కొనాలి. ఈయన అందర్నీ పిండి గదిలో కూర్చోబెట్టి, "ఈ ఒక్క ఏడాది జీతాలు పెంచలేను, ఓవెన్ వచ్చాక రెండేళ్ళదీ కలిపి పెంచుతాను, నా దగ్గర ఇంతే ఉంది" అని ఉన్నదున్నట్టు చెప్పాడు. వాళ్ళూ సరేనన్నారు. పిండి కలిపే వాళ్ళకి ఒక మేస్త్రి ఉండేవాడు, నాకంటే రెండేళ్ళు చిన్న, వరసకి బావా అంటాడు నన్ను. వాడే ముందు లేచి సరేనన్నాడట, వాడి మాట మీద మిగతావాళ్ళు. ఆ తరవాత పదో రోజుకి ఈ పత్రిక!

మేస్త్రి ఇక్కడే, ఈ బెంచీ మీదే కూర్చుని చదివాడు. చదివి, వేళ్ళ మీద లెక్కపెట్టుకుని, "బావా, మేము రెండొందల పన్నెండు మందిమి. మిగతా నాలుగొందల ఇరవై నాలుగు మందీ ఎక్కడున్నట్టు?" అన్నాడు. వాడే మళ్ళీ అన్నాడు, "ఇంకో ఊళ్ళో ఇంకో ఫ్యాక్టరీ ఉంది బావా! మాకు లేదని చెప్పి అక్కడ పోషిస్తున్నాడు!" అంతే, సాయంత్రానికి ఫ్యాక్టరీ అంతా ఆ మాటే. ఆయన తల బాదుకున్నాడు, బాబూ నాకున్నది ఈ ఒక్కటేరా అని. ఎవరు నమ్ముతారు? అచ్చులో పడ్డ అంకెకున్న విలువ నోటిమాటకి ఉంటుందా? చందాలేసుకుని ఇద్దర్ని బస్సెక్కించారు, రెండో ఫ్యాక్టరీ ఎక్కడుందో కనుక్కు రమ్మని. ఆ ఇద్దరూ వారం పాటు ఊళ్ళ మీద పడి బిస్కెట్ వాసన ఎక్కడొస్తుందా అని తిరిగి తిరిగి వచ్చి, ఏం చెప్పారో తెలుసా? "దొరకలేదు. చాలా గట్టిగా దాచాడు" అన్నారు! నవ్వుతావేంటి... నవ్వులే, నేనూ నవ్వాను అప్పుడు, వీపు అటు తిప్పుకుని.

సమ్మె యాభై ఎనిమిది రోజులు. విను, ఇది విను. సమ్మెలో కూడా ఆయన బిళ్ళలు ఆపలేదు. గుమాస్తా ఆపుదామంటే, "జుట్టు సమ్మె చెయ్యదు కదోయ్, పెరుగుతూనే ఉంటుంది" అన్నాడట. వాళ్ళూ మానలేదు. ఒక్కొక్కడూ ఇద్దరేసి పిల్లల్ని వేసుకుని వచ్చేవాడు. చిన్నపిల్లలకి కుర్చీ చేతుల మీద అడ్డంగా చెక్క వేస్తాం చూడు, దాని మీద పిల్లాణ్ణి కూర్చోబెట్టేవాణ్ణి, వాడు ఏడుస్తుంటే వాళ్ళ నాన్న వాడి తల పట్టుకుని, "ఆ నాలుగొందల మందిని ఎక్కడ దాచాడో గానీ, వాళ్ళు సుఖపడుతున్నారు, మేము చస్తున్నాం" అనేవాడు. ఆ నాలుగొందల మందిలో ఒకడు వాడి చేతుల్లోనే ఉన్నాడమ్మా! వాడి తలే నా చేతిలో ఉంది! కత్తెర టకటకా ఆడిస్తూ, "అవును, అవును, ఎక్కడున్నారో" అనేవాణ్ణి. ఒక్క మాట చాలు. "ఒరే, అది మీ పిల్లల తలల లెక్కరా, నేనే వాగాను" అంటే ఆ రోజే గేటు తెరుచుకునేది. షాపు పగలగొడతారేమో అని భయం. బిళ్ళలు పోతాయేమో, నెలకి ఆరు వందల తలలు, మా ఇల్లు దాని మీదే గడుస్తోంది. ఇవాళ చెబుదాం, రేపు చెబుదాం... అట్లా యాభై ఎనిమిది.

చివరివారంలో ఒకనాడు మధ్యాహ్నం ఆయన వచ్చాడు గడ్డానికి. షాపులో ఎవరూ లేరు. నురగ పట్టించాను. అద్దం పక్కన ఆ పేజీ ఇంకా అలాగే ఉంది, తీసేయడానికి కూడా భయమే, ఎందుకు తీశావంటారని. ఆయన దాని వంకే చూస్తూ, "ఆరు వందల ముప్పై ఆరు" అన్నాడు నెమ్మదిగా. "ఏమోయ్, నెలనెలా ఎక్కడో ఈ అంకె కింద సంతకం పెడుతున్నట్టుంటుంది నాకు. నీకేమైనా తెలుసా?" చూశావా, ప్రతి నెలా చీటీ మీద సంతకం పెట్టే మనిషికి తెలీకపోవడమేమిటి? తెలుసు. తెలిసే, నా నోటితో నేనే చెప్పుకుంటానని దారి వదిలాడు. నేనేమన్నానో తెలుసా? "గడ్డం పైకెత్తండి" అన్నాను. ఎత్తాడు. కళ్ళు మూసుకున్నాడు. కత్తి ఆయన గొంతు మీద ఉంది, గీస్తూ పోయాను. అయ్యాక మొహం తుడుచుకుని, "బాగా చేశావు" అని లేచి వెళ్ళిపోయాడు. బయట ఎవ్వరికీ చెప్పలేదు. తనే చెప్పొచ్చు కదా అంటావు. నేనూ అదే అనుకుని చాలా ఏళ్ళు నన్ను నేను సమర్థించుకున్నాను. చెబితే నా షాపు ఉండదని ఊరుకున్నాడో, మీ పిల్లలకి నేను కటింగ్ చేయిస్తున్నాను చూడండిరా అని పెట్టింది దెప్పడం ఇష్టం లేకపోయిందో... ఏదైనా, ఆయన నోరు మూసుకున్నందుకు కారణం ఉంది. నాకు లేదు.

తరవాతేముంది. దుకాణాలవాళ్ళు వేరే బిస్కెట్లు తెప్పించుకున్నారు. ఓవెన్‌కని దాచినదంతా అప్పులవాళ్ళకి పోయింది. మీ జాబితాలో నిజంగా పై వరసలో ఉన్నాయన కంపెనీ ఒకటి వచ్చి చవగ్గా కొని, నాలుగు నెలలు నడిపినట్టు చేసి, యంత్రాలు లారీ ఎక్కించుకుపోయింది. రెండు వందల పన్నెండు మందీ రోడ్డు మీద. ఆయన వెనక వీధిలో రెండు గదుల అద్దె ఇంట్లోకి మారాడు. అక్కణ్ణించి కూడా నా దగ్గరికే వచ్చేవాడు, వరసలో కూర్చునేవాడు, డబ్బు వద్దండీ అంటే చెయ్యి పట్టుకుని పెట్టేవాడు. ఐదేళ్ళు. ఐదేళ్ళు, నెలకి రెండుసార్లు, ఎన్నిసార్లయింది? నూట ఇరవై. నూట ఇరవై సార్లు ఆయన తల నా చేతుల్లో ఉంది, ఒక్కసారి కూడా నోరు పెగల్లేదు. తరవాత ఓ రోజు వాళ్ళావిడ కబురు చేసింది, పెట్టె పట్టుకుని ఇంటికి రమ్మని. వెళ్ళాను. చేశాను. అప్పుడు చెప్పానమ్మా, చెవి దగ్గర వంగి అంతా చెప్పాను. వినడానికి అప్పటికి ఆయన లేడు.

రాసుకో. వద్దనను. మీ వరసలో ఆ తొంభై ఒకటి తప్పు, కొట్టెయ్యి. పనివారు రెండు వందల పన్నెండు మందే అని వెయ్యి, ఎవరు చెప్పారంటే నా షాపు పేరు వెయ్యి, నేనే చెప్పానని వెయ్యి. ఫొటో కూడా తీసుకో కావాలంటే. మేస్త్రి ఇంకా ఉన్నాడు, ఆ తరవాత ముప్పై ఏళ్ళు మూటలు మోశాడు, ఇప్పటికీ రెండో ఫ్యాక్టరీ ఉందనే అంటాడు. పత్రికలో చదివితే వాడికీ... ఆఁ? ఎవరూ? రా రా, చూసుకుని ఎక్కు, గడప ఎత్తు. నూరేళ్ళాయుష్షు మేస్త్రీ నీకు. ఈ అమ్మాయా? ఎవరూ లేదులే, ఏదో కాలేజీ వాళ్ళు, ఊళ్ళో షాపులు ఎన్నున్నాయో రాసుకుంటున్నారట. నువ్వు కూర్చో. ఒరేయ్, ఆ రేడియో కొంచెం పెంచు.