మెడ మీద సెంటు

మార్కాపురంలో ఒక చీరల దుకాణం, పొద్దున షట్టర్ తీసిన వేళ. యజమానురాలు కోటిరత్నం, చీరలు చూపించే నాగమల్లేశ్వరి.

“ముందు ఆ కొంగు తియ్యి.”

“వద్దులేమ్మా.”

“తియ్యమంటున్నానా? ఏంది, చలికాలం ముసలమ్మ మాదిరి మెడచుట్టూ కప్పుకొని నిలబడితే వచ్చినోళ్లు చీరలు చూస్తారా, నిన్ను చూస్తారా? తియ్యి... ఛీ! ఏందే మల్లేశ్వరీ అది? గజ్జా?”

“గజ్జి కాదమ్మా. దద్దుర్లు.”

“రసి కారుతుంటే దద్దుర్లంటావేంది? దూరం జరుగు. ఆ పట్టుచీరలు ముట్టుకోబాక.”

“మీరు కొట్టే సెంటు వల్లనేనమ్మా.”

“ఏమంటివి?”

“రోజూ తలుపు కాడ నిలబెట్టి మెడకు రెండుపక్కలా కొడతారే, ఆ సెంటు. మొదట్లోనే మంట పుట్టింది. చెప్పినా. అలవాటవుతదిలే అన్నారు.”

“ఓహో, తప్పు నాదా? ఎందుకు కొట్టాల్సి వచ్చిందో చెప్పనా? అర్ధవీడు బస్సు దిగి గొర్రెల వాసనతో నువ్వు లోపలికొస్తే నా కస్టమర్లు ముక్కు మూసుకోలే?”

“గొర్రెలు మా నాయనవి. నేను రోజూ నీళ్లు పోసుకొనే వస్తా.”

“పోసుకుంటావులే. పుట్టుకతో వచ్చిన వాసన నీళ్లకు పోతదా? మంచి సరుకు మీద పడేసరికి నీ తోలు ఓర్చుకోలే. అంతే.”

“చర్మం డాక్టరుకు చూపించినా.”

“అబ్బో! చర్మం డాక్టరు! వేపాకు నూరి పూస్తే పోయేదానికి!”

“పూసినా. మందుల షాపులో తామర ట్యూబు అడిగి తెచ్చి అదీ పూసినా. ఇంకా ముదిరింది. అందుకే పోయినా.”

“ఏమన్నాడేంది?”

“ఇది అంటుకునే జబ్బు కాదన్నాడు. సెంటులో ఉండేవి కొందరి ఒంటికి పడవంట.”

“కొందరికి! నేననేదీ అదే. ఆ కొందరు ఎవరో కూడా నాకు తెలుసు.”

“అట్ల కాదమ్మా. ఎవరికి పడదో ముందుగా ఎవరూ చెప్పలేరంట. నెలల తరబడి బాగానే ఉండి, ఒకనాడు తిరగబడతదంట. నేను పనికి రాని పది రోజులు తగ్గింది కదా. సోమవారం మీరు మళ్లీ కొట్టినారు. బుధవారానికి బొబ్బలు.”

“అయితే వేరే సీసా తెప్పిస్తా. ఖరీదైంది. అప్పుడేమంటావో చూస్తా.”

“ఖరీదుతో పనిలేదంట. వాసన సబ్బు, పౌడరు, అత్తరు, ఏదీ నాకు వద్దన్నాడు. ఏ తేడా లేనోళ్లయినా సరే, కొత్త సీసా తెస్తే మోచేతి మడతలో చుక్క పెట్టి రెండు మూడు రోజులు చూసుకోవాలంట. మండితే మానేయాలంట.”

“వానికేం, ఫ్యాను కింద కూర్చొని చెప్తాడు. దుకాణం నడిపేది నేను. సెంటు లేకుండా నువ్వు ఈ కౌంటర్ ముందర నిలబడేది లేదు.”

“మూడేండ్లుగా చేస్తున్నా కదమ్మా. ఏ ఒక్క చీరకన్నా మరక చేసినానా? సెంటొక్కటి కొట్టబాకండి. చాలు.”

“నోరు లేస్తాందే! పో, వెనక గోదాములో అట్టపెట్టెలు సర్దుకో. మా బాత్రూములో కాలు పెట్టబాక. మంచినీళ్లు నీ బాటిల్లో నువ్వు తెచ్చుకో.”

“అంటుకోదని చెప్పినా కదమ్మా.”

“నీ మాట నేను నమ్మాల్నా? ఇదే సీసా మా ఇంట్లో ఉంది. నా కూతురు కాలేజీకి పోతా పోతా రోజూ కొట్టుకుంటది. దానికి రాని రోగం నీకెందుకొచ్చింది? పుట్టిన ఇల్లు వేరు, తోలు వేరు. ఏంది అట్ల చూస్తావు?”

“చెప్పొద్దన్నది.”

“ఎవరే?”

“మీ యామిని. డాక్టరు కాడ నాకంటె ముందు చీటీ ఆ పాపదే. ‘తెలిస్తే మా అమ్మ నన్ను ముట్టుకోదక్కా’ అని నా చెయ్యి పట్టుకొని ఏడ్చింది.”