కలిపిన సీన్లు

“నాగాయలంకలో తీసిన ఆ కామెడీ సినిమాకి కొత్త సీన్లు కలిపారంట, వాటిలో మీరున్నారంట. పక్కింటి భానుమతి రెండోసారి చూసొచ్చి చెప్పింది. బందరు వెళ్దాం, లేవండి.”

భార్య విజయలక్ష్మి మాట వినగానే, పెడనలో కలంకారీ బట్టలద్దే ఈశ్వరప్రసాద్ చేతిలోని అచ్చు వంకరగా పడింది.

“చూసిన సినిమాకి మళ్ళీ ఎందుకే?”

“రాసిచ్చిన మాటలకన్నా అప్పటికప్పుడు అన్నవే బాగున్నాయంట. హాలంతా పొట్ట పట్టుకుని నవ్వుతోందంట. ఇంతకీ మీరేమన్నారు?”

“షూటింగు చూస్తూ గుంపులో నిలబడ్డ నన్ను పిలిచి, నోటికొచ్చినట్టు హీరోని తిట్టమన్నాడు డైరెక్టరు. గబుక్కున ఏం తడతాయి?”

“ఏం తట్టాయి?”

“నువ్వు రోజూ నన్ను తిట్టే తిట్లే. ఒక్కటీ మార్చలేదు. కోపం తెచ్చుకోకు.”

విజయలక్ష్మి కుచ్చిళ్ళు సర్దుకోవడం ఆపింది.

“ఇరవై ఏళ్ళుగా వింటున్నారు. మీరొక్కసారీ నవ్వలేదు.”